కొబ్బరితోట తీసేస్తే పిట్టలు ఎలా బతికాయి? మా క్లాసు పిల్లకి జవాబు చెప్పాలి

బ్రాడీపేట టీచర్, గుంటూరు

నమస్కారమండీ. నేను గుంటూరులో తొమ్మిదో తరగతికి జీవశాస్త్రం చెప్తాను. అంతరించిపోతున్న జీవుల పాఠం వచ్చినప్పుడల్లా పులి, బట్టమేకపిట్ట, రాబందు, ఇవే చెప్పి ముగించేదాన్ని. పాఠం అయ్యేసరికి పిల్లల మొహాలు వాడిపోయేవి. ఈ ఏడాది ఒక్క మంచి కబురైనా చెబుదామని సీషెల్స్‌లోని కజిన్ దీవి సంగతి ఎత్తుకున్నాను.

హిందూ మహాసముద్రంలో చిన్న దీవి అది. మొత్తం కలిపితే సుమారు 70 ఎకరాలు, మన భవానీ ద్వీపంలో సగం. సీషెల్స్ వార్బ్లర్ అనే చిన్న పిట్ట 1960ల్లో ప్రపంచం మొత్తానికీ ఆ ఒక్క దీవిలోనే మిగిలింది, అదీ 30 లోపే. 1968లో పక్షుల రక్షణ కోసం పనిచేసే అంతర్జాతీయ సంస్థ ఒకటి (ఇప్పుడు బర్డ్‌లైఫ్ ఇంటర్నేషనల్ అంటున్నారు) ఆ దీవిని కొనేసింది. ఇవాళ ఆ పిట్టలు అన్ని దీవుల్లో కలిపి 3,000 పైనే.

బోర్డు మీద 30 అని, పక్కన 3,000 అని రాశాను. పిల్లలు చప్పట్లు కొట్టారు. ఎలా పెరిగాయి మేడం అని అడిగితే, దీవి నిండా కొబ్బరితోట ఉండేది, అది తీసేసి పాత అడవిని మళ్ళీ రానిచ్చారు అన్నాను. మూడో బెంచీలోంచి ఒక అమ్మాయి లేచింది. వాళ్ళది అమలాపురం దగ్గర పల్లె. నాన్న పని కోసం గుంటూరు వచ్చారు.

"మేడం, చెట్లు నాటితే పిట్టలొస్తాయని ఆరో తరగతిలో మీరే చెప్పారు. ఇప్పుడు కొట్టేస్తే వచ్చాయంటున్నారు. మా తాతయ్య తోట నిండా కొబ్బరిచెట్లే, పిట్టలు బోలెడుంటాయి. ఏది నిజం?" అంది.

తోట వేరు, అడవి వేరు అని అప్పటికి సర్దిచెప్పాను. కూర్చుంది గానీ నమ్మలేదని మొహమే చెబుతోంది. నిజం చెప్పాలంటే నాకూ ఆ జవాబు చాల్లేదు. కొబ్బరిచెట్టు ఆ పిట్టకి ఏం లోటు చేసింది? సీషెల్స్‌లో అన్ని దీవులుంటే ఆ ఒక్కచోటే ఎందుకు మిగిలింది? అటు వెళ్ళొచ్చినవాళ్ళు గానీ, పక్షుల సంగతి తెలిసినవాళ్ళు గానీ ఉంటే, తొమ్మిదో తరగతి పిల్లకి అర్థమయ్యేలా చెప్పండి. సోమవారం మళ్ళీ ఆ క్లాసే ఉంది.

లంక రైతు, కొల్లిపర

టీచర్ గారూ, ఆ పాప అడిగింది న్యాయమైన మాట. కాపుకొచ్చిన కొబ్బరిచెట్టు మీద గొడ్డలి వేయాలంటే మా ఇళ్ళల్లో ఎవరికీ చేతులు రావు. 2024 సెప్టెంబరు వరదకి మా లంకలో అరటి మొత్తం పడుకుంది, పసుపు కుళ్ళిపోయింది. గట్టు మీద కొబ్బరిచెట్లు మాత్రం నిలబడ్డాయి. అలాంటి చెట్టుని పిట్ట కోసం తీసేయడమంటే వాళ్ళకి ఇంకో దారి లేకపోయిందా అనిపిస్తోంది. తెలిసినవాళ్ళు చెబితే నేనూ వింటాను.

పటమట వాసి, విజయవాడ

మేడం గారూ, నేను 2013 నుంచి మూడేళ్ళు సీషెల్స్‌లో, ప్రాలిన్ దీవిలో ఒక హోటల్లో అకౌంట్లు చూశాను. పొద్దున్నే బయటికొస్తే ఎదురుగా కజిన్ కనబడేది, నీళ్ళ మీద మూకుడు బోర్లించినట్టు. నాలుగుసార్లు వెళ్ళాను. ఆ దీవి అంటే నాకు ప్రాణం, అందుకని కాస్త పొడుగ్గానే రాస్తున్నాను.

ముందు కొబ్బరి సంగతి. రైతు గారికీ కలిపే చెబుతున్నాను, కొబ్బరిచెట్టు ఆ పిట్టకి పగది కాదు. పిట్ట తిండే వేరు. దానికి పురుగులే ఆహారం, ఆ పురుగుల్ని కూడా దాదాపు అన్నీ ఆకుల అడుగువైపు నుంచే ఏరుకుంటుంది. ఒకసారి పిసోనియా అనే చెట్టు కింద నిలబడి ఉంటే నా మొహానికి మూరెడు దూరంలోకి వచ్చి వాలింది. పిచ్చుక కంటే సన్నగా, మట్టిరంగులో పచ్చదనం కలిసిన ఒళ్ళు, సూదిలాంటి ముక్కు. చూడ్డానికి అందగత్తె ఏమీ కాదు. తల పైకెత్తి, పైనున్న ఆకు అడుగుభాగాన్ని ఈ కొస నుంచి ఆ కొసదాకా చూసింది, టక్కున ఒక పోటు పొడిచింది, పక్క ఆకుకి గెంతింది. మా అమ్మ గోంగూర కట్ట విప్పి పురుగుందేమోనని ఒక్కో ఆకూ తిరగేసి చూస్తుందే, అచ్చం అలాగే. నేనొకణ్ణి అక్కడున్నానని కూడా దానికి పట్టలేదు.

దాని కాళ్ళకి రంగురంగుల రింగులున్నాయి. అక్కడ దాదాపు ప్రతి పిట్టకీ రింగులేశారు, ఏ రెండింటికీ రంగుల వరస ఒకటి కాదు. మాతో వచ్చిన వార్డెన్ ఆ వరస చూసి, ఇది ఏ ఏడాది పుట్టింది, తల్లి ఏది, ఏ చెట్ల దగ్గర దీని కాపురం, అన్నీ చెప్పేశాడు. మన ఊళ్ళో పాత పోస్టుమాన్‌కి వీధిలో అందరి పేర్లూ తెలిసినట్టు.

ఇప్పుడు ఆ పాప తాతయ్య తోటని తలుచుకోమనండి. కొబ్బరితోటలో ఆకంతా ఆకాశంలో ఉంటుంది. రాలిన కాయ కనబడాలి కాబట్టి కింద పొదలు, మొలకలు ఎప్పటికప్పుడు నరికేస్తారు. మధ్యలో ఏమీ ఉండదు. కజిన్‌లో పాత అడవిని తీసి కొబ్బరి వేసినవాళ్ళు చేసిందీ అదే. నేల నుంచి నెత్తిదాకా పొరలుపొరలుగా వెడల్పాటి ఆకులుంటేనే ఈ పిట్టకి కడుపు నిండుతుంది. ఆ పొరలన్నీ పోయి, పిట్టకి ఒక మూల చిన్న ముక్క మిగిలింది. తాతయ్య తోటలో పిట్టలున్నమాట నిజమే. అవి కాకులు, గోరింకలు, చిలకలు అయ్యుంటాయి. ఇక్కడ తిండి లేకపోతే పక్క ఊరు పోతాయి. వార్బ్లర్‌కి రెక్కలున్నా సముద్రం దాటి ఇంకో దీవికి వెళ్ళడం దాదాపు లేదు. పుట్టిన దీవిలోనే బతకాలి, లేకపోతే అక్కడే పోవాలి.

తోట తీసేశారంటే రాత్రికి రాత్రి దీవిని బోడి చేశారని పిల్లలు అనుకుంటారేమో. అలా కాదు. కింద మొలిచేవాటిని నరకడం మానేశారు, కొబ్బరి మొలకలు మళ్ళీ కమ్ముకోకుండా అదుపులో పెట్టారు. పిసోనియా, ఇంకా మన దగ్గర నోని రసమని సీసాల్లో అమ్ముతారే, ఆ నోని చెట్టు, ఇలాంటి అక్కడి చెట్లు లేచాయి. కొన్ని కొబ్బరిచెట్లు నేను వెళ్ళినప్పుడు కూడా ఉన్నాయి. 1980లకల్లా పిట్టలు 300 దాటి దీవి కిక్కిరిసింది. అప్పుడు 1988లో 29 పిట్టల్ని పట్టి అరీద్ దీవికి, 1990లో ఇంకో 29 కజీన్ దీవికి తీసుకెళ్ళి వదిలారు. (పేరు దగ్గరగా ఉంది గానీ అది వేరే దీవి, పక్కనే ఉంటుంది.) 2004లో డెనిస్‌కి 58, 2011లో ఫ్రెగేట్‌కి 59. మీరు బోర్డు మీద రాసిన 3,000 అలా అయ్యాయి.

మీ క్లాసులో అమ్మాయిలకి ఇది తప్పకుండా చెప్పండి. ఈ పిట్ట మామూలుగా ఒక్కటే గుడ్డు పెడుతుంది. దీవిలో ఖాళీ చోటు లేదు కాబట్టి ఎదిగిన పిల్లలు వెంటనే వేరు కాపురం పెట్టలేవు. ముఖ్యంగా ఆడపిల్లలు తల్లి దగ్గరే ఉండిపోయి, తర్వాత పుట్టినదానికి మేత తెచ్చిపెడతాయి, గుడ్డు మీద కూర్చుంటాయి. పురుగులు పుష్కలంగా ఉన్న చోట అలాంటి కూతురు తల్లికి కొండంత అండ. సముద్రపు గాలికి ఉప్పు కొట్టి ఆకులు మాడిపోయే చోట మాత్రం ఇంకో నోరు భారం. అందుకని మంచి చోట కాపురమున్న తల్లికి ఎక్కువగా ఆడపిల్లలు, కరువు చోట ఉన్న తల్లికి ఎక్కువగా మగపిల్లలు పుడతాయి, మగవి దూరంగా వెళ్ళిపోతాయి గనక. 1997లో అచ్చయిన పరిశోధనలో మంచి చోట్ల పుట్టినవాటిలో మగవి 13 శాతం, కరువు చోట్ల 77 శాతం. కరువు చోటి జంటని మంచి చోటికి మారిస్తే ఆ తల్లికే ఆడపిల్లలు పుట్టడం మొదలైంది. ఈ ముక్క మొదటిసారి విన్నరోజు రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

ఇక మీ రెండో ప్రశ్న. ఆ ఒక్క దీవిలోనే ఎందుకు మిగిలింది? నా లెక్కలో అసలు పాఠం ఇదే. కజిన్‌కి ఎలుకలు రాలేదు, పిల్లులు రాలేదు. సీషెల్స్‌లో చాలా దీవులకి ఓడలతోపాటు ఎలుకలు దిగాయి. మనుషులతోపాటు పిల్లులూ వచ్చాయి. చెట్టెక్కే ఎలుకకి గూట్లో గుడ్డు ఎంతసేపు? కజిన్‌ని బతికించింది అక్కడికి రానివి.

ఎందుకంటున్నానంటే, తెల్ల టెర్న్ అని మల్లెపువ్వంత తెల్లటి పిట్ట ఒకటుంది. దాని గుడ్డు నేను చూసిన చోటు మోకాలెత్తు కొమ్మ. గూడు లేదు, పుల్ల లేదు, ఒక్క ఈక లేదు. కొమ్మ మీద చిన్న గుంటపడిన చోట గుడ్డు అలా పెట్టేసి ఉంది. గాలికి కొమ్మ ఊగుతుంటే గుడ్డూ దాంతోపాటే ఊగుతోంది. కింద నలికిరిపాముల్లాంటి స్కింకులు తలెత్తి కాచుకుని ఉన్నాయి, జారిపడితే తిందామని. ఒక్క కడుపుతో ఉన్న ఎలుక ఆ దీవిలో దిగితే ఏమవుతుందో ఆ గుడ్డుని చూస్తే ఎవరికీ విడమరిచి చెప్పక్కర్లేదు.

అందుకే మనం వెళ్ళిన పడవని ఒడ్డు తాకనివ్వరు. దూరంగా ఆపాలి. దీవివాళ్ళ సొంత పడవ వచ్చి మనల్ని ఎక్కించుకుంటుంది. ఒడ్డు దగ్గర పడుతుండగా నడిపేవాడు గట్టిగా పట్టుకోండని అరిచి, అల చూసుకుని, ఒక్కసారిగా వేగం పెంచి పడవని నేరుగా ఇసుక మీదికెక్కించేస్తాడు. రాత్రి ఉండనివ్వరు, పొద్దుటి పూట చూసి వచ్చేయాలి. 1998లో మొదలైన నేచర్ సీషెల్స్ అనే అక్కడి సంస్థ దీవిని చూసుకుంటోంది.

ఇంత జాగ్రత్త అతి అనుకునేవాళ్ళకి ఫ్రెగేట్ దీవి సంగతి చెబుతాను. అక్కడ మాగ్పై రాబిన్ అనే నల్లపిట్ట ఉంది, రెక్క మీద తెల్లమచ్చ. అక్కడివాళ్ళు పీ శాంతెజ్ అంటారు. పిల్లుల వల్ల 1960ల్లో ప్రపంచంలో మొత్తం 15 లోపుకి పడిపోయింది. 1980ల మొదట్లో పిల్లుల్ని తీసేశారు, పిట్టలు మెల్లగా కోలుకున్నాయి, 1994లో కొన్నిటిని కజిన్‌కి తెచ్చారు. 1995లో ఫ్రెగేట్‌లో ఎలుకలు కనబడ్డాయి. వాటిని పూర్తిగా తుడిచిపెట్టేసరికి 2000 వచ్చింది. ఐదేళ్ళు! కజిన్‌కి చేరిన రాబిన్లు ఇప్పుడు పెద్ద తాబేళ్ళ వెంట నడుస్తూ, అవి కదిపిన ఆకుల కింద పురుగులు ఏరుకుంటుంటాయి. ఆ నడక చూడాలి మేడం, దూడ వెంట పాలేరు పిల్లాడు పోతున్నట్టుంటుంది.

బ్రాడీపేట టీచర్, గుంటూరు

పటమట వాసి గారూ, మీకు ఎన్ని దణ్ణాలు పెట్టినా తక్కువే. గోంగూర ఆకు దగ్గరే నాకు దారి దొరికింది. ఒకటి మాత్రం అడుగుతాను, పిల్లలు ఎలాగూ అడుగుతారు. మనకి కృష్ణలో భవానీ ద్వీపముంది, ఇన్ని లంకలున్నాయి. అక్కడ కజిన్‌లా చేయొచ్చా?

లంక రైతు, కొల్లిపర

దీనికి నేను చెప్పగలను. వేసవిలో మా లంకకి పాయలో మోకాలిలోతు నీళ్ళలో నడిచి పోతాం. మేం నడిచే దారిలో కుక్క నడవదా? పందికొక్కులైతే మా పసుపు దుంపల్ని బతకనిచ్చిందే లేదు. నదిలో దీవికి నీళ్ళు కంచె కాదండీ, ఆరు నెలలు కంచె, ఆరు నెలలు దారి. కొబ్బరి విషయంలో నా అనుమానం తీరింది. కింద నరకడం ఆపారు అన్న మాట నాకు బాగా ఎక్కింది. మేం ఆ పని ఎందుకు చేస్తామో తెలుసు గానీ దానివల్ల ఎవరి కంచం ఖాళీ అవుతుందో ఎప్పుడూ ఆలోచించలేదు.

అండమాన్‌లో పెరిగినవాణ్ణి, మంగళగిరి

మన దేశంలోనూ అలాంటి దీవి ఒకటుంది, పిల్లలకి చెప్పండి. అండమాన్‌లో నార్కొండం. నిద్రపోతున్న అగ్నిపర్వతం, సుమారు 7 చదరపు కిలోమీటర్లు. నార్కొండం హార్న్‌బిల్ అనే పక్షి ప్రపంచంలో ఆ ఒక్కచోటే ఉంది. మాది పోర్ట్‌బ్లెయిర్‌లో స్థిరపడిన శ్రీకాకుళం కుటుంబం. ఆ దీవికి మాలాంటివాళ్ళు వెళ్ళడానికి లేదు, నేనూ చూడలేదు. కానీ చిన్నప్పటి నుంచి దాని మాటలు వింటూ పెరిగాను.

ఆడపక్షి చెట్టుతొర్రలోకి దూరి ద్వారాన్ని లోపల్నుంచి మూసేసుకుంటుంది, సన్నటి చీలిక మాత్రం వదిలి. మగపక్షి ఆ చీలికలోంచి పళ్ళు అందిస్తూ పెళ్ళాం పిల్లల్ని పోషిస్తుంది. తొర్ర ఉండాలంటే ముసలి చెట్టుండాలి. పళ్ళు కావాలంటే మర్రి, రావి జాతి చెట్లుండాలి. 1969లో అక్కడ పోలీసు ఔట్‌పోస్టు పెట్టారు, ఆ తర్వాత తిండికని మేకల్ని తీసుకెళ్ళారు. అవి అడవిలో పడి మొలకలన్నీ మేసేశాయి. పెద్ద చెట్లు నిలబడే ఉన్నాయి, చూస్తే అడవి పచ్చగానే ఉంది, కానీ రేపు వాటి చోటులో లేవాల్సిన మొక్క లేదు. తర్వాత మేకల్ని అక్కడినుంచి తీసేశారు. కజిన్‌లో కత్తి చేసిన పనిని ఇక్కడ మేక నోరు చేసింది.

ఉప్పలపాడు కుర్రాడు

టీచర్ గారూ, భవానీ ద్వీపం దాకా ఎందుకండీ? గుంటూరు నుంచి పావుగంట, మా ఊరు రండి. మా చెరువు మధ్యలో దిబ్బల మీద తుమ్మచెట్లు, వాటి మీద పెలికాన్లు, పెయింటెడ్ స్టార్క్‌లు. చెట్లు చాలక ఇనుప స్టాండ్లు కూడా పెట్టారు, వాటి మీదా వాలతాయి. ఊరి చుట్టూ ఇంతకంటే మంచి చెట్లున్నాయి, ఒక్క గూడు కట్టవు. చెరువులోనే కడతాయి. మా నాయనమ్మ దీనికి ఎప్పుడో జవాబు చెప్పింది, "అవి చెట్టుని చూసి రావురా, చెట్టు చుట్టూ నీళ్ళని చూసి వస్తాయి" అని. నీళ్ళుంటే కుక్క రాదు, పిల్లి రాదు. నీళ్ళు తగ్గితే మాకు గుండెల్లో రాయి పడుతుంది.

మిట్టమధ్యాహ్నం రండి. అందరూ పొద్దున్నే వచ్చి పోతారు, అసలు చూడాల్సింది ఎండలోనే. తల్లి స్టార్క్ సూర్యుడికి వీపు పెట్టి రెక్కలు రెండూ గొడుగులా విప్పి నిలబడుతుంది, పిల్లలు ఆ నీడలో ఉంటాయి. ఎండ జరిగితే అదీ జరుగుతుంది. నేను వేసవి సెలవుల్లో గట్టు మీద కూర్చుని అదే చూసేవాణ్ణి. చెరువు దగ్గర కంపు ఉంటుందని పిల్లలకి ముందే చెప్పండి. మా ఊళ్ళో ఎవరం దాన్ని కంపు అనం.

బ్రాడీపేట టీచర్, గుంటూరు

సోమవారం క్లాసు అయింది, రాయకపోతే బాగుండదు. రెండు కట్టలు గోంగూర పట్టుకెళ్ళి తలా ఒక ఆకు ఇచ్చాను. పైవైపు ఏముందో రాయండి అన్నాను, ఏమీ లేదన్నారు. తిప్పి చూడండి అన్నాను. ఒకడికి తెల్లపురుగు దొరికింది, ఇంకో అమ్మాయికి ఈనె పక్కన ఆవగింజ కంటే చిన్న గుడ్ల వరస. ఇప్పుడు మీరే ఆ పిట్ట, రోజంతా ఇదే పని అన్నాను. అప్పుడు మూడో బెంచీ అమ్మాయిని లేపి, మీ తాతయ్య తోటలో నీ ఎత్తులో ఇలాంటి ఆకు ఎక్కడుంటుందో చెప్పమ్మా అన్నాను. చాలాసేపు ఆలోచించింది. "కంచె దగ్గర మేడం. అక్కడొక్కచోటే తాతయ్య నరకరు" అంది.

ఆ రాత్రి తాతయ్యకి ఫోన్ చేసిందట. కంచె పక్కన ఇంకో బారెడు వదిలేయమని అడిగిందట. చూద్దాంలే అన్నారట.

ఉప్పలపాడు బాబూ, ఈ శనివారం మధ్యాహ్నం భోజనాలయ్యాక వస్తున్నాం, 42 మందిమి. నాయనమ్మ గారు ఉంటే పిల్లలతో రెండు మాటలు మాట్లాడతారేమో అడిగి పెట్టు. మా దగ్గర రెండు బైనాక్యులర్లే ఉన్నాయి. గుంటూరులో ఎవరి దగ్గరైనా ఉంటే ఒక్కపూటకి ఇవ్వండి, ఆదివారం పొద్దునకల్లా మీ ఇంటికి తెచ్చి ఇస్తాను.